రుచి నీళ్ళు

ఇరవై నాలుగు. ఒంటికన్నుతో చూస్తున్నాను కదా, గీత తప్పి ఉంటానులే అనుకుని ఉల్మెకెన్ కుర్చీని ఇంకాస్త ముందుకు జరుపుకుంది. వంగకూడదని డాక్టరు మరీమరీ చెప్పాడు కాబట్టి నీళ్ళ బరువు కొలిచే కడ్డీ తేలుతున్న గాజు గొట్టాన్ని రైహాన్ చేత తన ముఖం ఎత్తుకి పట్టించుకుని మళ్ళీ చూసింది. నీళ్ళు కడ్డీని పట్టుకుని కొంచెం పైకి పాకుతాయి. ఆ పాకిన అంచు దగ్గర చదవకూడదు, దాని కింద చదునుగా ఉన్నచోట చదవాలి. ముప్పై ఏళ్ళు చదివిన చూపు, ఒక కన్నయినా రెండు కళ్ళయినా గీత తప్పదు. ఇరవై నాలుగే. పన్నెండు దగ్గర తను ఎర్రసిరాతో గీసుకున్న గీత నీటిమట్టానికి సరిగ్గా ఉండాల్సింది పోయి రెండు వేళ్ళ ఎత్తున గాలిలో ఉంది. ఇరవై డిగ్రీల నీటికి సరిచేసిన కడ్డీ ఇది, తొట్టెలో ఇరవై ఏడుంది, వేడికి నీళ్ళు పలచబడి కడ్డీ ఉన్నదానికన్నా తక్కువే చూపిస్తుంది, అంటే అసలు లెక్క ఇరవై ఆరు. అయ్యో, రెట్టింపు దాటింది. పన్నెండు రోజులు, పన్నెండే పన్నెండు రోజులు తను ఊళ్ళో లేదు. కిజిలోర్దాలో కంటికి ఆపరేషను చేయించుకుని పొద్దున్న రైల్లో దిగింది, ఇంటికి వెళ్ళి ఒక కప్పు టీ తాగి, పడుకోవే అని ఇంటాయన అంటున్నా వినకుండా ఇటే వచ్చింది. మంచి పనే చేసింది. పడుకుని ఉంటే సాయంత్రానికి చేప ఉండేది కాదు.

తొట్టె మూలన కంబాలా చేప ఇసుక పైన పడి ఉంది. ఇసుకలో కాదు, ఇసుక పైన. అదే భయం. బల్లపరుపు చేప, రెండు కళ్ళూ ఒకే పక్క ఉన్న చేప, ఒంట్లో ఓపిక ఉన్నన్నాళ్ళూ ఇసుక కప్పుకుని కళ్ళు మాత్రం బయటపెట్టి పడుకుంటుంది. ఇసుక రంగే తన రంగు చేసుకుంటుంది, చూడ్డానికి వచ్చిన స్కూలు పిల్లలు ఏదీ ఏదీ అని వెతుక్కుంటారు. ఇవాళ వెతకక్కర్లేదు. పాత గుడ్డలాగా పాలిపోయి, మొప్పలు మాత్రం గబగబా కొట్టుకుంటూ, ఇదిగో నేను అన్నట్టు అందరికీ కనపడుతోంది. ఉల్మెకెన్ తలుపుకి 'భోజన విరామం, ఒంటిగంట నుంచి రెండు' అన్న పలక వేలాడదీయించింది. మ్యూజియం అంటే పెద్దదేం కాదు, ఒకప్పటి రేవు క్యాంటీను, గోడకి నాలుగు ఫోటోలు, ఒక లంగరు, ఒక వల, మధ్యలో మూడొందల లీటర్ల గాజుతొట్టె, అందులో ఈ ఒక్క చేప. ఏప్రిల్లో మరిది కువాందిక్ వలలో పడింది. మూడేళ్ళలో ఈ ఊరి వలల్లో పడ్డది ఇదొక్కటే. మళ్ళీ పడుతుందో లేదో ఎవరికి తెలుసు.

"చచ్చిపోతుందా అక్కా?" అంది రైహాన్. మ్యూజియం ఊడ్చి తుడిచే మనిషి, తుర్కిస్తాన్ వైపు నుంచి రెండేళ్ళ క్రితం వచ్చింది. నలభై అయిదేళ్ళు ఉంటాయి, చేతులు ఎప్పుడూ తడిగానే ఉంటాయి.

"శుభం పలకవే. ఐదు లీటర్లు తొట్టెలోంచి తీసి పారబొయ్యి. ఇదిగో ఈ ఎడంపక్క క్యానులోంచి ఐదు లీటర్లు తెచ్చి పొయ్యి. గాజు వారగా మెల్లిగా పొయ్యి, దాని నెత్తిన కాదు."

"అంతేనా? మొత్తం మార్చేద్దాం అక్కా, క్షణంలో మార్చేస్తాను."

"క్షణంలో మారిస్తే క్షణంలోనే పోతుంది. పది నిమిషాలకి ఐదు లీటర్లు. ఈ గంటలో రెండు గీతలు తగ్గితే చాలు."

రెండు గీతలు ఇవాళ, రెండు రేపు, వారం పడుతుంది పన్నెండుకి రావడానికి. చేప ఒంట్లో నీళ్ళూ బయటి నీళ్ళూ ఒకదాన్నొకటి లాక్కుంటూనే ఉంటాయి. బయట ఇలా గబుక్కున బరువైతే ఒంట్లో నీళ్ళు బయటికి పోతాయి, నీళ్ళ మధ్యలో పడి ఉండి దాహంతో ఎండిపోతుంది పాపం. అలాగని ఒక్కసారిగా తేలిక నీళ్ళు పోస్తే ఆ అదురూ తట్టుకోలేదు. ఆకలితో మాడినవాడికి మొదటిరోజే మాంసం పెట్టరు, పలచటి చారు ఇస్తారు, ఇదీ అంతే. ఎడంపక్క క్యానులో ఇరవై లీటర్లు ఉన్నాయేమో, నాలుగు విడతలకి సరిపోతాయి. మిగతాదానికి కువాందిక్‌కి ఫోను చేసింది, బోరింగు దగ్గర పీపా నింపుకుని వస్తానన్నాడు. వస్తానన్నాడంటే వస్తాడు, ఎప్పుడన్నదే అల్లాకి ఎరుక. వదినంటే ప్రాణం, గడియారమంటే పగ. పెళ్ళయి వచ్చిన కొత్తలో మరుదుల్ని పేరు పెట్టి పిలవకూడదు కాబట్టి తనే ఒక ముద్దుపేరు పెట్టింది, గారాలబాబు అని. అప్పుడు వాడికి పదిహేనేళ్ళు. ఇప్పుడు యాభై మూడు, మీసం సగం నెరిసింది, మనవరాలు నడుస్తోంది, ఈ రోజుకీ గారాలబాబే.

రైహాన్ మొదటి విడత పోసింది. చేప కదల్లేదు. ఉల్మెకెన్ గాజుకడ్డీని గుడ్డతో తుడిచి ఒళ్ళో పెట్టుకుంది. సన్నటి మెడ, కింద బుడ్డిలాంటి పొట్ట, పొట్టలో సీసపు గుళ్ళు, మెడలో కాగితం ముక్క మీద అంకెలు. తను పనిచేసిన సముద్ర ప్రయోగశాల మూసేసిన రోజు అందరూ కుర్చీలూ బీరువాలూ మోసుకుపోతుంటే తను ఇదొక్కటి సాక్సులో చుట్టుకుని తెచ్చుకుంది. ఇది చెప్పేది ఒకటే మాట, ఈ నీళ్ళు మామూలు నీళ్ళకన్నా ఎంత బరువు అని. మామూలు నీళ్ళు వెయ్యి తూగితే ఇవి వెయ్యి మీద పన్నెండు, వెయ్యి మీద ఇరవై నాలుగు. ఆ వెయ్యిని ఎవరూ అనరు, మీదిదే అంటారు. నీళ్ళు బరువైనకొద్దీ కడ్డీని పైకి నెడతాయి. దీనికి చదువెందుకు, మామగారు ఏ బడికి వెళ్ళాడని? ఆయన పడవకి నీలిరంగు గీత ఉండేది, కుర్రతనంలో పడవ నీళ్ళలో దించిన రోజు నీళ్ళు ఎక్కడిదాకా వచ్చాయో అక్కడ గీసుకున్నాడు. తను కోడలిగా వచ్చిన ఏడు ఒకరోజు ప్రయోగశాల గుమ్మంలో నిలబడి, లోపలికి రాకుండా, చూపుడువేలు అడ్డంగా పెట్టి చూపించాడు. ఇంత, అన్నాడు. పడవ వేలెడు పైకి లేచింది, వలలో చేపలు తగ్గాయి కాబట్టి అనుకున్నా, ఖాళీ పడవతోనూ చూశా, అంతే లేచింది, నీ గాజుపుల్ల ఏమంటోంది అని అడిగాడు. తను లెక్కవేసింది. వేలెడే వచ్చింది. రష్యా నుంచి వచ్చిన పుస్తకంలో మహాసముద్రాల పట్టిక పెట్టి వేస్తే రాలేదు, మన సముద్రంలో కరిగినవి వేరు, మన పట్టిక వేరు, ఆ మన పట్టికతో వేస్తే సరిగ్గా వేలెడు. ఆయన నవ్వలేదు. "సముద్రం మనల్ని ఎత్తుకుంటోంది కోడలుపిల్లా. ఎత్తుకున్నవాళ్ళు ఎప్పుడో ఒకప్పుడు దించేస్తారు" అన్నాడు.

దించేసింది కూడా, ఎండి వెనక్కి పోయి పడవల్ని ఇసుకలో వదిలేసింది. సరే, అది అందరికీ తెలిసిందే.

ఆ రోజు గుమ్మంలో ఆయన అడిగింది సులువైన ప్రశ్నే, నీళ్ళలో ఎంత ఉంది అని. దానికి జవాబు చెప్పడానికి తను పడ్డ అవస్థ తనకే తెలుసు. ఎందుకంటే మామగారి పేరు తుజ్‌బాయ్. కథ చెప్పేవాళ్ళకి ఆ నిషేధం లేదు కాబట్టి చెప్పేస్తున్నాను, తుజ్ అంటే ఉప్పు. ఇక్కడి కోడళ్ళు మామగారి పేరు పలకరు, ఆ పేరులో ఉన్న మాట కూడా పలకరు, దాని బదులు ఇంకో మాట వెతుక్కుంటారు. మామ పేరులో రాయి ఉంటే రాయిని గట్టిది అంటారు, వాన ఉంటే వానని పైనుంచి పడేది అంటారు. ఉల్మెకెన్‌కి పెళ్ళిలో వచ్చినవి ఒక పెట్టె, రెండు పరుపులు, జీవితాంతం ఉప్పు అనకూడదన్న కట్టు. చదువుకున్న పిల్ల, ఆ చదువు కూడా ఏ చదువు, సముద్రంలో ఉప్పు కొలిచే చదువు. ఊరంతా నవ్వింది. ఆఫీసులో బాధ లేదు, రష్యన్‌లో సోల్ అంటే సరిపోయేది, మామగారి పేరు రష్యన్‌లో లేదుగా. ఇంటికొస్తే మాత్రం రుచి. చారులో రుచి తగ్గింది అత్తయ్యా. రుచి డబ్బా ఎక్కడ పెట్టారు. ఈ నెల సముద్రంలో రుచి ఇరవై ఎనిమిది మామగారూ. మొదట్లో నాలుకని ఆపుకోవాల్సి వచ్చేది, తర్వాత తర్వాత నాలుకకే ఆ మాట మరుపొచ్చింది. ముప్పై ఎనిమిదేళ్ళు. ఆయన పోయి ఇరవై ఏళ్ళు దాటింది, అత్తగారూ పోయింది, ఇప్పుడన్నా తిట్టేవాళ్ళు లేరు, అయినా మాట రాదు. కోడలు పిల్లలు ఈ కాలంలో మామల్ని నాన్న అంటున్నారు, పేర్లు కూడా అంటున్నారట, అననీ, వాళ్ళ నాలుక వాళ్ళది.

"రెండో విడత పోసేశాను అక్కా" అంది రైహాన్. "చూడు, మొప్పలు కాస్త నెమ్మదించాయి."

నెమ్మదించలేదు. రైహాన్‌కి అలా కనిపిస్తోంది, అంతే. కాని అది కాదు ఇప్పుడు ఉల్మెకెన్ ఆలోచన. నీళ్ళ మట్టం. తొట్టె గాజు మీద బయట నల్ల టేపు అంటించి ఉంది, నీళ్ళు దానికి సరిగ్గా ఉన్నాయి. వెళ్ళేటప్పుడూ అక్కడే ఉన్నాయి, ఇప్పుడూ అక్కడే. ఆగస్టు ఎండకి రోజుకి మూడు లీటర్లు ఆవిరైపోతాయి. పోయేది ఒట్టి నీళ్ళే, రుచి తొట్టెలోనే మిగిలిపోతుంది, అందుకే పోయినంతా మంచినీళ్ళతో నింపాలి. నింపకపోతే నీళ్ళు తగ్గి రుచి చిక్కబడాలి. కాని నీళ్ళు తగ్గలేదే. మట్టం సరిగ్గా ఉంది, బరువు రెట్టింపయింది. ఆవిరి చేసే పని కాదిది. అంత రుచి ఎక్కడి నుంచి వచ్చింది, ఆకాశం నుంచి ఊడిపడిందా? ఎండిన సముద్రం మీంచి తెల్లదుమ్ము గాలి వస్తుంది నిజమే, కిటికీలు తీసి ఉన్నా సరే దుమ్ము ఐదు కిలోలు రాలదు. ఐదు కిలోలు. లెక్క చేతివేళ్ళ మీదే వచ్చేసింది. ఐదు కిలోలు ఎవరో పోశారు.

"రైహాన్, నేను లేనప్పుడు నీళ్ళు తగ్గితే ఏం చేశావే?"

"నువ్వు చెప్పినట్టే అక్కా. టేపు దాకా రోజూ నింపాను. ఒక్కరోజు మానలేదు, ఆదివారాలు కూడా వచ్చాను. మంచినీళ్ళే పొయ్యమన్నావుగా, మంచివే పోశాను. ఒట్టి నీళ్ళ క్యాను ముట్టుకోలేదు, రుచి నీళ్ళ క్యానులోవే పోశాను. పాపం ఒక్కగానొక్క చేప, దానికి ఒట్టి నీళ్ళు పోస్తామా?" రైహాన్ ముఖం నిండా నవ్వు. "నీ గాజుపుల్ల కూడా రోజూ వేసి చూశాను. రోజురోజుకీ తల పైకెత్తి నిలబడుతుంటే, హమ్మయ్య, చేపకి నీళ్ళు పడుతున్నాయి అనుకున్నాను. నిన్న చూడాలి, ఎంత ఠీవిగా నిలబడిందో."

ఉల్మెకెన్ క్యానుల వైపు తిరిగింది. కుడిపక్క క్యాను మీద అతికించిన కాగితం ఇక్కడికి కనిపిస్తూనే ఉంది, తన చేతిరాతే, గుండ్రంగా, ముద్దుగా. రుచి నీళ్ళు. ఎండిన మడుగుల దగ్గర కువాందిక్ తెచ్చిచ్చే చిక్కటి నీళ్ళు అవి, చెంచాడు నోట్లో పోసుకుంటే వాంతి అవుతుంది, తొట్టెకి కొత్తగా నీళ్ళు కలిపేటప్పుడు కొలిచి కొలిచి వాడాలి. మొదట ఆ క్యాను మీద రష్యన్‌లో రాసి ఉండేది, సోల్ అని, ఏ బాధా లేకపోయేది. మే నెలలో మ్యూజియంలో రాతలన్నీ మన భాషలోనే ఉండాలని పైనుంచి కాగితం వస్తే తనే ఆ చీటీ పీకి కొత్తది అతికించింది. కలం పట్టుకుని కూర్చుంది, మన మాట రాయడానికి చెయ్యి రాలేదు, అలవాటుగా రుచి అని రాసేసింది. పక్కదాని మీద ఒట్టి నీళ్ళు అని రాసింది. రైలుకి టైమవుతోందని గుమ్మంలోంచే కేకేసింది, మంచినీళ్ళు పోస్తూ ఉండు రైహాన్ అని. మంచినీళ్ళు అని ఏ క్యాను మీదా లేదు. ఉన్నవి రెండు, ఒకటి ఒట్టివి, ఒకటి రుచివి. బుద్ధున్న మనిషి ఎవరైనా ఏది పోస్తారు? రైహాన్‌ది ఏ ఊరో, వాళ్ళ మామగారి పేరేమిటో, వాళ్ళింట్లో ఏ మాట అనకూడదో. ఆవిడకి రుచి అంటే రుచే. తన ఇంట్లో మాట తన ఇంట్లో ఉంచుకోక ఊరి క్యాను మీద అతికించింది చూడు, తనకి ఉండాలి బుద్ధి.

చెప్పాలి, అనుకుంది. ఇప్పుడే చెప్పాలి, అమ్మా రైహాన్, ఆ క్యానులో ఉన్నది ఇదీ అని. ఇదీ అంటే ఏది? ఆ మాట దగ్గరే కదా బండి ఆగేది. మాట సంగతి అలా ఉంచు, ఆ నవ్వు చూసి ఎలా చెప్పేది? పన్నెండు రోజులు ఆదివారాలు కూడా మానకుండా ప్రేమగా వచ్చిన మనిషితో, నువ్వు దీనికి విషం పోశావు అని చెప్పేదా? తప్పు ఆవిడది కాదు, నాది అని చెప్పినా ఆ చేతులు పోసినవే కదా, ఆ చేతులకి ఆవిడ ఏం సమాధానం చెప్పుకుంటుంది? వద్దు. చేప బతికితే తర్వాత నవ్వుతూ చెప్పుకోవచ్చు. ముందు చీటీ మార్చాలి. కుర్చీలోంచి లేచి మూడు అడుగులు వేస్తే క్యాను, వంగితే చీటీ, వంగకూడదు. కాసేపట్లో కువాందిక్ వస్తాడు, వాడి చేత పీకిద్దాం.

"మంచిపనే చేశావు" అంది. "ఇప్పుడు మాత్రం ఎడంపక్కదే పొయ్యి. ఎండ ఎక్కువగా ఉంది కదా, అందుకని."

ఎండకి మంచిదా అక్కా ఒట్టి నీళ్ళు అని రైహాన్ అడిగితే ఊఁ అంది. మూడో విడత. నీళ్ళు గాజు వారగా చప్పుడు లేకుండా జారాయి, తేలిక నీళ్ళు బరువు నీళ్ళ మీద కాసేపు విడిగా నిలబడతాయి, కలిసేముందు వాటి మధ్య సన్నటి వణుకు కనిపిస్తుంది, నేతిలో నీటిచుక్క కదిలినట్టు. ఒంటికన్నుకి కూడా కనిపించింది. ఒక కన్ను మూసి ఉంటే దగ్గరేదో దూరమేదో తెలియదు, ఈ చేపకి ఎలా తెలుస్తుందో. పుట్టినప్పుడు దీనికీ అందరిలాగే చెరోపక్క ఒక కన్ను ఉంటుంది. కొన్నాళ్ళకి ఒక కన్ను పుట్టింటి పక్క వదిలేసి తల మీదుగా నడుచుకుంటూ ఇవతలికి వచ్చేస్తుంది, రెండోదాని పక్కన చోటు చూసుకుంటుంది, ఇంక అక్కడే ఉంటుంది. మామగారికి ఇది అసహ్యం. అజోవ్ సముద్రం నుంచి తెచ్చి వదిలిన కొత్తలో, రెండు కళ్ళూ ఒక పక్కే ఉన్నది చేపా, దొంగచూపుల ముండ, దీన్ని నా పడవలో వెయ్యకండి అనేవాడు. తర్వాత సముద్రం చేదెక్కి మిగతా చేపలన్నీ పోయాయి. ఒక చలికాలం ఊళ్ళో తినడానికి ఇదొక్కటే మిగిలింది. అత్తగారు వేయించి పెడితే ఆయన పళ్ళెం వంక చాలాసేపు చూసి, దువా చదివి, ఒక ముక్క నోట్లో పెట్టుకుని, తప్పయింది అన్నాడు. ఎవరితో అన్నాడో తెలీదు, చేపతోనే అనుకుంటా. ఆ తర్వాత ఎన్ని ఏళ్ళో ఈ ఊరి పిల్లలు దీని మీదే పెరిగారు. ఇప్పుడు కట్ట కట్టారు, నది నీళ్ళు నిలిచాయి, సముద్రం మళ్ళీ తియ్యనై పాత చేపలు తిరిగొచ్చాయి, ఊరికి మంచిరోజులు. దీనికే చోటు లేదు. దీని గుడ్లు నీళ్ళలో తేలాలి, తేలాలంటే నీళ్ళకి మొయ్యగల బరువుండాలి, తేలిక నీళ్ళలో అవి అడుక్కి దిగి బురదలో చచ్చిపోతాయి. చేదు రోజుల్లో అన్నం పెట్టిన చేప, తియ్యటి రోజుల్లో ఎక్కడికి పోవాలో తెలియక పోతోంది. అందుకే ఉల్మెకెన్ దీని కోసం పన్నెండు దగ్గర గీత గీసింది. మీరంతా మర్చిపోయినా నేను మర్చిపోలేదు అని చేపకి చెప్పడం అది.

మర్చిపోలేదు, ఔను. మామగారు చివరిరోజుల్లో మంచం మీదుండి కూడా నెల నెలా అడిగేవాడు. ఎంత? రుచి ముప్పై మామగారూ. ఒకసారి ఆయన నవ్వాడు, పళ్ళు లేని నవ్వు. "ఊరిని మింగేసిన దాన్ని రుచి అంటావేం కోడలుపిల్లా? దాని పేరు పెట్టి పిలువు." తను తల దించుకుంది. ఆయన గోడ వైపు తిరిగి అన్నాడు, "నేను పుట్టిన రోజున మా తాత బండి నిండా అదే వేసుకుని వచ్చాడట, ఆ ఏడు ఇంట్లో ఉన్న సంపదంతా అదే, అందుకే నాకా పేరు పెట్టాడు. మా అమ్మ పిలిచేది. మా అన్నలు పిలిచేవాళ్ళు. వాళ్ళంతా పోయారు. మీ అత్త అనదు, నువ్వు అనవు, చిన్నవాళ్ళు తాతా అంటారు. నా పేరు నా చెవిన పడి ఎన్నేళ్ళయిందో. ఉన్న పేరుని ఎవరూ పిలవకపోతే అదేం పేరు? ఒకసారి అనమ్మా. నేనే చెబుతున్నాగా, తప్పు లేదు." తను అనలేదు. నోరు తెరిచింది కూడా. గొంతు దాకా వచ్చింది, అక్కడ ఆగిపోయింది. గౌరవం అనుకుంది అప్పుడు. ఊరిని చంపినదాని పేరూ ఆయన పేరూ ఒకే నోటితో ఎలా అనను, అనుకుంది. టీ తెస్తానని లేచి వెళ్ళిపోయింది. తొమ్మిది రోజులకి ఆయన పోయాడు. ముసలాయన అడిగింది ఒక్క మాట, డబ్బు కాదు, మందు కాదు, ఒక్క మాట, అదీ ఆయనదే. ఇవ్వలేకపోయింది. ఈ ఇరవై ఏళ్ళలో అన్నం ముందు కూర్చున్నప్పుడల్లా గుర్తొస్తుంది, రుచి డబ్బా ఇలా అందుకో అన్నప్పుడల్లా గుర్తొస్తుంది, ఎవరికీ చెప్పుకోలేదు. చెప్పుకుంటే నవ్వుతారు, కోడలికి ఇంతకన్నా గౌరవం ఏముంటుంది అని మెచ్చుకుంటారు కూడా, అది ఇంకా నరకం.

కన్ను చెమ్మగిల్లింది. ఆపరేషను కన్ను, చెమ్మగిల్లకూడదు. తలెత్తి పైకప్పు చూస్తూ కూర్చుంది. నాలుగో విడత నీళ్ళ చప్పుడు వినిపించింది, ఆ తర్వాత క్యాను నేలకి తగిలి ఖంగుమన్న ఖాళీ చప్పుడు, తుడుపు కర్ర పక్కకి పెట్టిన చప్పుడు, రైహాన్ అడుగులు. గోడ గడియారం రెండుకి పది నిమిషాలు తక్కువ చూపిస్తోంది. బయట ఎక్కడో మోటారు ఆగింది. వాడే అయుంటాడు. అడుగులు కుడిపక్కకి ఎందుకు వెళ్తున్నాయి?

తల దించింది. ఒంటికన్నుకి దూరం తెలియలేదు, రైహాన్ తొట్టె దగ్గరున్నట్టూ ఉంది, గోడ దగ్గరున్నట్టూ ఉంది. రెండు చేతులా కుడిపక్క క్యానుని ఎత్తి పట్టుకుని ఉంది, మూత తీసేసి ఉంది, అంచు తొట్టె అంచుకి ఆనింది.

"వద్దు" అంది ఉల్మెకెన్.

"ఒట్టివి అయిపోయాయి అక్కా. అడుగున ఐదు లీటర్లు ఉన్నాయి ఇందులో. ఇప్పటిదాకా ఒట్టివే తాగింది కదా, కాసిన్ని మంచివి పోద్దాం, నీరసంగా ఉంది పాపం."

"వద్దే, అది రుచి. రుచి వద్దు."

"ఆ, రుచివే అక్కా" అంది రైహాన్ సంతోషంగా, క్యానుని వంచుతూ.

ఐదు లీటర్లు. ఈ గంటలో దింపిందంతా ఒక్క క్షణంలో మళ్ళీ ఎక్కుతుంది, నెమ్మదిగా కాదు, ఒకేసారి, దాని నెత్తిన. మూడు అడుగులు లేచి వెళ్ళేలోపల అయిపోతుంది. రుచి అంటే ఆగదు, రష్యన్‌లో అంటే అర్థమయ్యేదేమో, ఆ క్షణానికి రష్యన్ గుర్తు రాలేదు, ఏ భాషా గుర్తు రాలేదు, పుట్టింట్లో చిన్నప్పుడు అమ్మ వంటింట్లోంచి అడిగితే అందించిన ఆ డబ్బా మాత్రం గుర్తొచ్చింది, దాని మూత, అమ్మ నోట్లో దాని పేరు.

"తుజ్" అంది. చిన్నగా వచ్చింది, ఎండిన గొంతులోంచి. మళ్ళీ అంది, ఈసారి గది దద్దరిల్లేలా. "తుజ్, తుజ్ అది. పొయ్యకు."

రైహాన్ ఆగిపోయింది. క్యాను అంచు నుంచి ఒక్క ధార, బొటనవేలంత, తొట్టెలోకి జారి ఆగింది. ఆవిడ క్యానుని కింద దింపి, మీద ఉన్న చీటీ చదివింది, వేలు లోపల ముంచి నాలుకకి తగిలించుకుంది. ముఖంలో రంగు పోయింది. పన్నెండు రోజులూ ఆ ముఖంలో ఒక్కొక్కటే లెక్కకొచ్చాయి, ఆదివారాలతో సహా.

"నీ తప్పు కాదు" అంది ఉల్మెకెన్. "నువ్వు చదివిందే పోశావు. నేనే రాయాల్సింది రాయలేదు. ఇలా రా, ఏడవకు, నువ్వు ఏడిస్తే నేనూ ఏడుస్తాను, నాకు డాక్టరు ఏడవొద్దన్నాడు."

గుమ్మంలో కువాందిక్ నిలబడి ఉన్నాడు. రెండు చేతుల్లో పీపాలోంచి పట్టిన రెండు బకెట్ల నీళ్ళు, వాటిని కింద పెట్టడం మర్చిపోయి అలాగే పట్టుకుని ఉన్నాడు. మామూలుగా అయితే లోపలికి వస్తూనే, ఏం వదినా, ఒంటికన్నుతో నేను ఇంకా అందంగా కనిపిస్తున్నానా అని మొదలుపెట్టేవాడు. ఇప్పుడు టోపీ మీదికి చెయ్యి వెళ్ళబోయి, బకెట్ ఉందని గుర్తొచ్చి ఆగింది. ఆ ఇంట్లో పుట్టిన కొడుకు వాడు, పదిహేనేళ్ళప్పటి నుంచి ఈ నోరు వింటున్నాడు.

"నాన్నని పిలిచావా వదినా?" అన్నాడు.

"పిలిచాను గారాలబాబూ" అంది. "ఆయన అడిగినప్పుడు పిలవలేదురా. అడిగాడు, నేను టీ పెట్టడానికి లేచి పోయాను. ఇప్పుడు పిలిచాను."

వాడు బకెట్లు కింద పెట్టి దగ్గరికి వచ్చాడు. తొట్టె వంక చూశాడు, వదిన వంక చూశాడు. వేళాకోళం చెయ్యాలో వద్దో తేల్చుకోలేక మీసం సవరించుకున్నాడు.

"పలికాడా?"

ఉల్మెకెన్ తొట్టెలోకి చూసింది. చేప మూలనే ఉంది. మొప్పలు ఇంకా కొట్టుకుంటున్నాయి. చాలాసేపు ఏమీ కాలేదు. ఎప్పటికో ఒక పక్క రెక్క అంచు ఒకసారి అల్లల్లాడి, చిటికెడు ఇసుక లేచి, దాని వీపు మీద పడింది. ఆ చిటికెడే.

"ఉండు, చూస్తున్నాను" అంది. "నువ్వు ముందు ఐదో విడత పొయ్యి. రైహాన్, నువ్వు ఆ చీటీ పీకి కలం పట్టుకో, నేను చెబుతాను, రాద్దువు గాని."